‘వినిపిస్తోంది... కానీ అర్థం కావట్లేదు!’ మీ చెవి పవర్ ఎంతో ఎప్పుడైనా కొలిపించారా?

కళ్లజోడు పెట్టుకున్న ఎవర్నైనా ‘పవర్ ఎంత?’ అని అడగండి. ‘కుడికన్ను మైనస్ రెండు, ఎడమది మైనస్ రెండుంపావు’ అని ఠక్కున చెప్పేస్తారు. బ్లడ్ గ్రూప్ తెలుసు, బీపీ తెలుసు, నిన్న ఎన్ని అడుగులు నడిచామో చేతి వాచీ చెబుతోంది. మరి మీ కుడి చెవి ఎంత? ఎడమ చెవి ఎంత? చాలామందికి ఆ ప్రశ్నే కొత్తగా ఉంటుంది.

హైటెక్ సిటీ, గచ్చిబౌలి, నానక్‌రామ్‌గూడ... ఈ కారిడార్‌లో పనిచేసేవాళ్ల చెవులకు డ్యూటీ మామూలుగా ఉండదు. పొద్దున మెట్రోలో పాటలు. ఆఫీసుకి రాగానే స్టాండప్ కాల్. మధ్యాహ్నం పక్కవాళ్ల గోల వినపడకుండా ఇయర్‌బడ్స్. సాయంత్రం అమెరికా టీమ్‌తో మీటింగ్. రాత్రి పడుకునేదాకా రీల్స్. మన ఉద్యోగంలో సగం వినడమే. అయినా స్క్రీన్ చూసి చూసి కళ్లు పోతాయేమోనని భయపడతాం కానీ, చెవుల గురించి ఆలోచించం.

ఆలోచించాల్సిన టైమ్ వచ్చింది. అసురక్షితంగా వినే అలవాట్ల వల్ల వంద కోట్ల మందికి పైగా యువత వినికిడి రిస్కులో ఉందని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. 2050 నాటికి దాదాపు 250 కోట్ల మందికి ఏదో ఒక స్థాయి వినికిడి లోపం ఉంటుందని 2021 మార్చిలో ఇచ్చిన నివేదికలో అంచనా వేసింది. సరే, లోపం ఉందో లేదో తెలిసేది ఎలా? అసలు వినికిడిని కొలిచేది దేంతో?

జీరో అంటే నిశ్శబ్దం కాదు

శబ్దాన్ని డెసిబెల్స్‌లో కొలుస్తారని స్కూల్లో చదువుకున్నాం. అందులోని ‘బెల్’ టెలిఫోన్ కనిపెట్టిన అలెగ్జాండర్ గ్రాహంబెల్. ఆయన తల్లికీ, భార్యకీ కూడా వినికిడి లోపం ఉండేది. ఆయన జీవితంలో ఎక్కువ భాగం బధిర విద్యార్థుల చదువు చుట్టూనే తిరిగింది.

డెసిబెల్ మామూలు స్కేలు కాదు, లాగరిథమ్ స్కేలు. 3 డెసిబెల్స్ పెరిగితే శబ్ద శక్తి రెట్టింపవుతుంది. 10 పెరిగితే పదింతలు, 20 పెరిగితే వందింతలు. అందుకే ‘80కీ 90కీ పెద్ద తేడా ఏముందిలే’ అనుకోవడానికి వీల్లేదు.

చెవి పరీక్షలో వాడే డెసిబెల్‌కి ఇంకో మెలిక ఉంది. మన చెవి అన్ని స్వరాలనూ ఒకేలా పట్టుకోదు. 250 హెర్ట్జ్ లాంటి బొంగురు శబ్దం వినపడాలంటే కాస్త గట్టిగా ఉండాలి. 1000 హెర్ట్జ్ దగ్గర చాలా తక్కువ శబ్దం చాలు. అందుకని ఏ జబ్బూ లేని యువతీయువకులు ఒక్కో ఫ్రీక్వెన్సీ దగ్గర సగటున ఎంత చిన్న శబ్దం వినగలరో కొలిచి, దానికి ‘సున్నా’ అని పేరు పెట్టారు. అంటే రిపోర్టులో సున్నా ఉంటే శబ్దమే లేదని కాదు, ‘ఆరోగ్యంగా ఉన్న కుర్ర చెవి సగటు’ అని. అంతకంటే బాగా వినేవాళ్లకి మైనస్ 5, మైనస్ 10 కూడా వస్తాయి.

ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క ప్రకారం 20 డెసిబెల్స్ లోపు వినగలిగితే నార్మల్. 20 నుంచి 35 లోపు స్వల్ప లోపం. 35 నుంచి 50 లోపు మధ్యస్థం. 50 నుంచి 65 లోపు మధ్యస్థం కంటే తీవ్రం. 65 నుంచి 80 లోపు తీవ్రం. ఆపైన అతి తీవ్రం. నంబర్ పెరిగేకొద్దీ చెవికి అంత గట్టి శబ్దం కావాలన్నమాట.

గదిలో ఏం జరుగుతుంది?

ఒకప్పుడు డాక్టర్లు వెనక నిలబడి గుసగుసగా మాట్లాడి, లేదంటే చేతి గడియారం టిక్‌టిక్‌ని చెవి దగ్గర పెట్టి పరీక్షించేవాళ్లు. ట్యూనింగ్ ఫోర్క్ ఇప్పటికీ ఈఎన్‌టీ డాక్టర్ల టేబుల్ మీద కనిపిస్తుంది. ‘ఆడియోమీటర్’ అనే మాట 1879లో పుట్టింది. వాక్యూమ్ ట్యూబులతో పనిచేసే ఆడియోమీటర్‌ను 1922లో వెస్ట్రన్ ఎలక్ట్రిక్ కంపెనీ తెచ్చాక కొలత ఒక దారిలో పడింది.

ఇప్పటి పరీక్ష పేరు ప్యూర్ టోన్ ఆడియోమెట్రీ. బయటి శబ్దం రాని చిన్న గదిలో కూర్చోబెట్టి, హెడ్‌ఫోన్స్ పెట్టి, చేతికి ఒక బటన్ ఇస్తారు. బీప్ వినిపిస్తే నొక్కాలి. అంతే.

వెనక నడిచే లాజిక్ మాత్రం కోడ్ రాసేవాళ్లకి భలే నచ్చుతుంది. ముందు 1000 హెర్ట్జ్ దగ్గర సులువుగా వినిపించే బీప్ ఇస్తారు. వినిపించిందా? 10 డెసిబెల్స్ తగ్గిస్తారు. మళ్లీ వినిపించిందా? ఇంకో 10. వినిపించలేదా? 5 పెంచుతారు. మళ్లీ వినిపించగానే 10 కిందికి. ఇలా కిందకీ పైకీ దోబూచులాడుతూ మీ హద్దు ఎక్కడో పట్టేస్తారు. బైనరీ సెర్చ్‌కి చుట్టం లాంటిది.

మరి నేరుగా బైనరీ సెర్చ్ చేసేయొచ్చుగా? కుదరదు. హద్దు దగ్గర చెవి నిలకడగా ఉండదు. అదే బీప్ ఒకసారి వినిపిస్తుంది, ఇంకోసారి వినిపించదు. మన భాషలో చెప్పాలంటే ‘ఫ్లేకీ టెస్ట్’. అందుకని పైకి పెంచుతూ వెళ్లిన ప్రయత్నాల్లో కనీసం సగంసార్లు వినిపించిన అతి తక్కువ స్థాయిని మీ థ్రెషోల్డ్‌గా రాసుకుంటారు. 250, 500, 1000, 2000, 4000, 8000 హెర్ట్జ్... ఒక్కోదానికీ ఇదే తంతు. తర్వాత రెండో చెవికి.

రిజల్టుని గ్రాఫ్‌గా ఇస్తారు. దాన్ని ఆడియోగ్రామ్ అంటారు. కుడి చెవికి ఎర్ర సున్నాలు, ఎడమ చెవికి నీలి ఇంటూ గుర్తులు. ఈ గ్రాఫ్ తలకిందులుగా ఉంటుంది. గీత పైన ఉంటే మంచిది, కిందికి జారితే లోపం.

హెడ్‌ఫోన్స్ అయ్యాక చెవి వెనక ఎముక మీద చిన్న వైబ్రేటర్ పెట్టి మళ్లీ బీప్‌లు ఇస్తారు. ఈ శబ్దం బయటి చెవినీ, కర్ణభేరినీ దాటేసి ఎముక ద్వారా నేరుగా లోపలి చెవికి చేరుతుంది. ఎముక దారిలో బాగా వినిపించి, గాలి దారిలో తగ్గిందంటే అడ్డంకి బయటా మధ్యలోనో ఉన్నట్టు. గులిమి గట్టిపడటమో, కర్ణభేరికి చిల్లు పడటమో, మధ్య చెవిలో నీరు చేరడమో. వీటిలో చాలావాటికి చికిత్స ఉంది. రెండు దారుల్లోనూ ఒకేలా తగ్గితే లోపలి చెవిలోనో, నరంలోనో సమస్య.

4000 దగ్గర గుంట

లోపలి చెవిలో నత్తగుల్ల ఆకారంలో కాక్లియా ఉంటుంది. అందులో పుట్టుకతో సుమారు 15 వేల రోమ కణాలు వస్తాయి. శబ్దాన్ని విద్యుత్ సంకేతాలుగా మార్చేది ఇవే. పక్షుల్లో ఇవి పోతే మళ్లీ పుడతాయి. మనుషుల్లో పుట్టవు. రీస్టార్ట్ చేసినా, రీఇన్‌స్టాల్ చేసినా లాభం లేదు.

భారీ శబ్దాల వల్ల జరిగే నష్టానికి ఆడియోగ్రామ్‌లో ఒక గుర్తు ఉంది. గీత బాగానే వచ్చి 3000 నుంచి 6000 హెర్ట్జ్ మధ్యలో, ఎక్కువగా 4000 దగ్గర, ఒక్కసారిగా గుంటలా పడి 8000 దగ్గర మళ్లీ కాస్త లేస్తుంది. ఫ్యాక్టరీ కార్మికుల్లో, సంగీత బృందాల్లో డాక్టర్లు ఎన్నో ఏళ్లుగా చూస్తున్న గుంట ఇది.

దీంతో చిక్కేంటంటే మొదట్లో మనకి తెలియదు. అచ్చుల బలం తక్కువ ఫ్రీక్వెన్సీల్లో ఉంటుంది. మాట గట్టిగా ఉన్నట్టు అనిపించేది వాటివల్లే. స, శ, ఫ లాంటి హల్లుల స్పష్టత పై ఫ్రీక్వెన్సీల్లో ఉంటుంది. ఆ భాగం తగ్గితే గొంతు వినిపిస్తుంది, మాట మాత్రం పోల్చుకోలేం. ‘పాలు’, ‘కాలు’, ‘తాలు’ ఒకేలా వినిపిస్తాయి. కాల్‌లో ‘టెస్ట్ పంపు’ అన్నారో ‘టెక్స్ట్ పంపు’ అన్నారో తేలదు. ‘వినిపిస్తోంది కానీ అర్థం కావట్లేదు’ అనే ఫిర్యాదు వెనక చాలాసార్లు ఉండేది ఇదే. దాన్ని మనం నెట్‌వర్క్ మీదకో, అవతలివాళ్ల యాస మీదకో తోసేస్తాం.

బీప్ వేరు, మాట వేరు

బీప్ విన్నంత మాత్రాన మాట అర్థమవుతుందని గ్యారంటీ లేదు. అందుకే మాటలతోనూ పరీక్షిస్తారు. ఆడియాలజిస్ట్ పదాలు చెబుతుంటే మనం తిరిగి చెప్పాలి. సగం పదాలు సరిగ్గా చెప్పగలిగిన అతి తక్కువ స్థాయి ఒక కొలత. హాయిగా వినిపించే స్థాయిలో నూటికి ఎన్ని సరిగ్గా చెప్పారన్నది ఇంకో కొలత.

ఇక్కడ భాష ముఖ్యం. ఒడిశా నుంచి వచ్చి మాదాపూర్‌లో ఉంటున్న ఉద్యోగిని తెలుగు పదాల లిస్టుతో పరీక్షిస్తే చెవి బాగున్నా మార్కులు తగ్గుతాయి. మన అమ్మమ్మకి ఇంగ్లిష్ లిస్టు పెట్టినా అంతే. పరీక్షకి వెళ్తే ‘నా భాషలో చేయండి’ అని అడగడం మీ హక్కు.

ఇంకో కొలత ఉంది. గోల మధ్యలో మాట వినడం. ఫుడ్ కోర్టులో లంచ్ టైమ్‌కి ఎదురుగా ఉన్నవాళ్ల మాట పట్టుకోగలుగుతున్నారా? దీన్ని కొలవడానికి ‘డిజిట్స్ ఇన్ నాయిస్’ అనే పరీక్ష ఉంది. గరగర శబ్దం మధ్యలో మూడు అంకెలు చెబుతారు, మనం టైప్ చేయాలి. సరిగ్గా కొడితే గోల మధ్య అంకెలు ఇంకా చిన్నవవుతాయి, తప్పైతే పెద్దవవుతాయి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో విడుదల చేసిన ‘హియర్ డబ్ల్యూహెచ్‌ఓ’ యాప్ ఈ పద్ధతిలోనే పనిచేస్తుంది.

ఫోన్‌లో ఈ పరీక్ష నమ్మదగ్గది కావడానికి కారణం ఉంది. బీప్ పరీక్షలో ‘ఖచ్చితంగా 20 డెసిబెల్స్’ అని ఇవ్వాలంటే హెడ్‌ఫోన్స్ కాలిబ్రేట్ అయి ఉండాలి. అదే ఫోన్‌కి మూడొందల ఇయర్‌ఫోన్స్ పెడితే ఒక లెక్క, మూడు వేలవి పెడితే ఇంకో లెక్క. అంకెల పరీక్షలో చూసేది మాటకీ గోలకీ ఉన్న తేడా మాత్రమే. వాల్యూమ్ కాస్త అటూ ఇటూ అయినా తేడా మారదు. 2024లో యాపిల్ ‘ఎయిర్‌పాడ్స్ ప్రో 2’కి బీప్‌లతో చేసే హియరింగ్ టెస్ట్ తేగలిగిందంటే, ఫోనూ బడ్సూ రెండూ తనవే కాబట్టి ఎంత శబ్దం బయటికొస్తోందో దానికి తెలుసు.

ఈ అంకెల పరీక్షని తెలుగులో చేయాలంటే ఒక తమాషా సమస్య వస్తుంది. రెండు, మూడు, ఆరు, ఏడు చిన్న మాటలు. ‘ఎనిమిది’ మాత్రం నాలుగక్షరాలు. గోలలో ఏమీ అర్థం కాకపోయినా, పొడవుని బట్టి ‘ఇది ఎనిమిదే’ అని ఊహించేయొచ్చు. ఇంగ్లిష్ యాప్‌ని అనువాదం చేసి వదిలేస్తే సరిపోదన్నమాట. మన అంకెల్లో ఏది ఎంత సులువో కొలిచి సరిచేయాలి. ఇది చదువుతున్న డెవలపర్లకి మంచి సైడ్ ప్రాజెక్ట్!

ఆడియోగ్రామ్ నార్మల్ వచ్చినా గోలలో మాట అర్థం కానివాళ్లు ఉంటారు. 2009లో అమెరికా శాస్త్రవేత్తలు కుజావా, లిబర్‌మన్ ఎలుకల మీద చేసిన పరిశోధనలో, భారీ శబ్దం తర్వాత థ్రెషోల్డ్ మామూలు స్థితికి వచ్చినా, రోమ కణాలకీ నరానికీ మధ్య కనెక్షన్లు శాశ్వతంగా తెగిపోయినట్టు తేలింది. అంటే పబ్ నుంచి వచ్చాక చెవిలో గుయ్‌మన్న శబ్దం తెల్లారేసరికి తగ్గింది కదా, ఇక ఏమీ కాలేదనుకోవడం తొందరపాటే.

బటన్ నొక్కలేని వాళ్లకి?

పసిపిల్లలు బటన్ నొక్కలేరు. వాళ్లకి వేరే దారులున్నాయి. 1978లో లండన్‌లో డేవిడ్ కెంప్ ఒక వింత గమనించారు. చెవి శబ్దాన్ని వినడమే కాదు, తిరిగి చిన్న శబ్దాన్ని బయటికి పంపుతుంది కూడా. చెవిలో చిన్న మైకు పెట్టి ఆ ప్రతిధ్వని వస్తోందో లేదో చూస్తే చాలు. పుట్టిన పాపకి నిద్రలోనే నిమిషాల్లో ఈ స్క్రీనింగ్ అయిపోతుంది. దీన్ని ‘ఓఏఈ’ అంటారు.

ఇంకోటి ‘బెరా’. నుదుటి మీదా, చెవుల వెనకా ఎలక్ట్రోడ్లు అతికించి వేలసార్లు క్లిక్ శబ్దాలిస్తారు. క్లిక్ తర్వాత 10 మిల్లీసెకన్లలోపు నరం నుంచి వచ్చే చిన్న సిగ్నల్‌ని యావరేజ్ చేసి పట్టుకుంటారు. పాపకి నెల లోపు స్క్రీనింగ్, మూడు నెలల్లోపు నిర్ధారణ, ఆరు నెలల్లోపు చికిత్స మొదలవ్వాలన్నది నిపుణుల నియమం. మాటలు రావాల్సిన వయసులో ఆలస్యం చాలా ఖరీదవుతుంది. పసిపిల్లల కాక్లియర్ ఇంప్లాంట్ ఆపరేషన్‌కి ఆరోగ్యశ్రీలోనూ చోటుంది.

వినిపిస్తున్నా వినిపించట్లేదని నటించేవాళ్ల కోసం ‘స్టెంగర్ టెస్ట్’ ఉంది. ఒకే స్వరాన్ని రెండు చెవుల్లోనూ ఇస్తే, గట్టిగా ఉన్న వైపే మనకి తెలుస్తుంది. ‘ఎడమ చెవి అస్సలు వినపడదు’ అన్న మనిషికి, కుడి చెవిలో చిన్నగా, ఎడమ చెవిలో గట్టిగా ఇస్తారు. నిజంగా ఎడమ చెవి పోయుంటే కుడి చెవిలో విని బటన్ నొక్కుతాడు. నటిస్తుంటే ఎడమ వైపే గట్టిగా వినిపించి, ‘ఆ చెవి నాకు లేదుగా’ అనుకుని నొక్కడు. అక్కడే దొరికిపోతాడు.

నంబర్ తేల్చే జీవితం

ఇదంతా ఎందుకంటే, ఈ నంబర్ మీద జీవితాలు ఆధారపడతాయి. 2016 దివ్యాంగుల హక్కుల చట్టం ప్రకారం రెండు చెవుల్లోనూ 60 నుంచి 70 డెసిబెల్స్ లోపం ఉంటే ‘హార్డ్ ఆఫ్ హియరింగ్’, 70 ఉంటే ‘డెఫ్’. సర్టిఫికెట్, రిజర్వేషన్, పథకాలు అన్నీ అక్కడి నుంచే మొదలు.

ఇప్పుడు 50 డెసిబెల్స్ లోపం ఉన్న ఉద్యోగిని ఊహించుకోండి. ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్కలో అది మధ్యస్థాన్ని దాటిన లోపం. మెషిన్ సాయం లేకుండా మీటింగ్ ఫాలో కావడం కష్టం. చట్టం గీత మాత్రం అందదు. చేతిలో ఏ కాగితమూ లేదు. మేనేజర్‌కి చెబితే ఏమనుకుంటారోనని భయం. ‘ఎస్, ఎస్’ అంటూ నెట్టుకొస్తారు, చివరికి ‘శ్రద్ధ లేదు’ అన్న పేరు తెచ్చుకుంటారు. ఇలాంటివాళ్లకి టీమ్ చేయగలిగేది పెద్దేం కాదు. లైవ్ క్యాప్షన్లు ఆన్ చేయడం, కెమెరా ఆన్ చేసి పెదాలు కనపడేలా మాట్లాడటం, ఒకరి తర్వాత ఒకరు మాట్లాడటం, నిర్ణయాలు చాట్‌లో రాయడం. ఏ సర్టిఫికెట్టూ అడగకుండా రేపటి నుంచే చేయొచ్చు.

మన ఊళ్లో ఎక్కడ?

కోఠిలో ప్రభుత్వ ఈఎన్‌టీ ఆసుపత్రి ఉంది. సికింద్రాబాద్ మనోవికాస్‌నగర్‌లో అలీ యావర్ జంగ్ జాతీయ వాక్, శ్రవణ సంస్థ ప్రాంతీయ కేంద్రం ఉంది. దాని ప్రధాన కేంద్రం 1983లో ముంబైలో మొదలైంది. ఆ పేరు మాత్రం మన హైదరాబాదీదే. అలీ యావర్ జంగ్ ఉస్మానియా యూనివర్సిటీ వైస్ ఛాన్సలర్‌గా, అమెరికాలో భారత రాయబారిగా, మహారాష్ట్ర గవర్నర్‌గా పనిచేశారు.

‘ఫ్రీ హియరింగ్ టెస్ట్’ బోర్డు చూసి వెళ్తే మూడు ప్రశ్నలు అడగండి. పరీక్ష చేసేవాళ్లకి రీహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా రిజిస్ట్రేషన్ ఉందా? సౌండ్‌ప్రూఫ్ గదిలో చేస్తారా? మెషిన్‌ని ఈ మధ్య ఎప్పుడు కాలిబ్రేట్ చేశారు? సమాధానం తడబడితే ఇంకో చోటు చూసుకోవడం మేలు.

వారానికి మీ బడ్జెట్ ఎంత?

ప్రపంచ ఆరోగ్య సంస్థ, అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ కలిసి పెట్టిన ప్రమాణం: వారానికి 80 డెసిబెల్స్ దగ్గర 40 గంటలు. ప్రతి 3 డెసిబెల్స్‌కి టైమ్ సగం అవుతుంది. గుర్తుంచుకోవడానికి సులువు లెక్క: 10 పెరిగితే పదో వంతు. 80 దగ్గర 40 గంటలైతే 90 దగ్గర 4 గంటలు, 100 దగ్గర 24 నిమిషాలు. వారం మొత్తానికి! ఒక్క బరాత్‌లో డీజే పక్కన డాన్స్ చేస్తే ఆ వారం బడ్జెట్ అయిపోయినట్టే. మతపరమైన ఊరేగింపుల్లో డీజేలని హైదరాబాద్ పోలీసులు 2024 అక్టోబర్‌లో నిషేధించడానికి ఈ శబ్దాల మీద వచ్చిన ఫిర్యాదులూ ఒక కారణం.

మెట్రోలో, బస్సులో బయటి శబ్దాన్ని మింగేయడానికి తెలియకుండానే వాల్యూమ్ పెంచేస్తాం. నాయిస్ క్యాన్సిలింగ్ ఉంటే అక్కడ వాడండి, వాల్యూమ్ దానంతటదే తగ్గించుకుంటారు. ఐఫోన్‌లో హెల్త్ యాప్ తెరిస్తే ఈ వారం ఎంత గట్టిగా విన్నారో డెసిబెల్స్‌లో కనిపిస్తుంది. ఒకసారి చూసుకోండి.

ఈ ఒక్కటి మాత్రం ఆలస్యం చేయొద్దు

పొద్దున లేచేసరికి ఒక చెవి ఒక్కసారిగా మూసుకుపోయినట్టు, ఫోన్ ఆ వైపు పెడితే మాట రానట్టు అనిపిస్తే, అది జలుబు, గులిమి అని వారం రోజులు చుక్కలు వేసుకుంటూ కూర్చోవద్దు. గులిమే కావచ్చు. కానీ మూడు రోజుల్లోపు వరసగా మూడు ఫ్రీక్వెన్సీల్లో 30 డెసిబెల్స్ లేదా అంతకంటే ఎక్కువ పడిపోతే దాన్ని ‘సడన్ హియరింగ్ లాస్’ అంటారు. ఇది ఎమర్జెన్సీ. స్టెరాయిడ్ చికిత్స ఎంత త్వరగా మొదలైతే తిరిగి వినపడే అవకాశం అంత ఎక్కువ. రెండు వారాలు దాటితే ఆ అవకాశం బాగా తగ్గిపోతుంది. స్ప్రింట్ అయ్యాక చూద్దాంలే అనకుండా అదే రోజు ఈఎన్‌టీ డాక్టర్ దగ్గరికి వెళ్లాలి.

మిగిలినవాళ్లకి అంత తొందర లేదు. కానీ ఇరవైల్లో, ముప్ఫైల్లో ఒక్కసారి ఆడియోగ్రామ్ తీయించి పెట్టుకుంటే అది మీ బేస్‌లైన్. పదేళ్ల తర్వాత 4000 దగ్గర 25 వచ్చిందనుకోండి. అది మొదటి నుంచీ ఉన్నదా, ఈ పదేళ్లలో తెచ్చుకున్నదా అని డాక్టర్ అడిగితే, పాత రిపోర్టు లేకుండా ఎవరూ చెప్పలేరు. పరీక్షకి పట్టేది అరగంట. నొప్పి లేదు, సూది లేదు. ముందు రోజు పబ్‌కి, డీజేకి వెళ్లకుండా, చెవికి కాస్త విశ్రాంతి ఇచ్చి వెళ్లండి. వచ్చిన రిపోర్టుని ఫొటో తీసి ఫోన్‌లో దాచుకోండి. ఈసారి ఇంటికెళ్లినప్పుడు, టీవీ వాల్యూమ్ పెంచుతూ పోతున్న నాన్నని కూడా వెంట తీసుకెళ్లండి.